పడిశమును పసికందులును

"పడిశము పది రోగముల పెట్టు" అని మన పెద్దలు చెప్పిరి. ఈ సామెతను ఎరుగనివారు లేరు. దీనిని లక్ష్యపెట్టువారు మాత్రము అరుదు. పెద్దలకు పడిశము పట్టెనేని రెండు దినములు ముక్కు చీదుకొని, మిరియాల కషాయము త్రావి, మూడవనాడు కచేరికి పోవుదురు. మందు వేసికొన్న వారము దినములు, వేసికొనకున్న ఏడు దినములు అను పరిహాసోక్తియు మనలో పుట్టినది. పెద్దల విషయమున ఈ పరిహాసమే సత్యము. కాని యింటిలో ఎల్లరకంటె చిన్నప్రాణి యొకటి ఊయలలో నున్నది. తన బాధను చెప్పుకొనుటకు దానికి మాట రాదు. ముక్కు చీదుకొనుటకు నేర్పు లేదు. ముక్కు మూసికొనిపోయిన నోటితో గాలి పీల్చుకొనుటయు దానికి సరిగా అలవడలేదు. ఆ ప్రాణి విషయమున మాత్రము పరిహాసము అసత్యమగును, సామెతయే సత్యమగును.

ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రకటించిన లెక్కలను బట్టి 2019వ సంవత్సరమున ఐదేండ్లలోపు బిడ్డలు 7,40,180 మంది న్యుమోనియా వాతబడిరి. ఆ వయస్సువారిలో ఆ యేట సంభవించిన మరణములలో నూటికి 14 ఈ యొక్క వ్యాధివలననే కలిగినవి. ఒక పెద్ద పట్టణమునందలి జనమంతయు ఒక్క సంవత్సరమున తుడిచిపెట్టుకొని పోయినచో లోకము గగ్గోలెత్తును. ఈ బిడ్డలు మాత్రము ఒక్కొక్కరుగా, ఒక్కొక్క యింట, ఒక్కొక్క తల్లి యొడిలో, చప్పుడు లేకుండ పోవుచున్నారు. కావున వీరిని గూర్చి సభలు జరుగవు, తీర్మానములు పుట్టవు. ఈ వ్యాధి పెక్కుసారులు వట్టి పడిశపు వేషముననే గడప లోపలికి వచ్చును గనుక, అది వచ్చినట్లు ఇంటివారికిని తెలియదు.

పసివారి పడిశము పట్ల మనలో రెండు దోషములు ప్రబలియున్నవి. ఒకటి ఉపేక్ష, రెండవది అతివైద్యము. ఒక యింట బిడ్డ డొక్కలెగురవేయుచున్నను "జలుబే గదా, తగ్గిపోవును" అని ఊరకుందురు. మరియొక యింట రెండు తుమ్ములు తుమ్మగనే మందుల దుకాణమునకు పరుగెత్తి, దగ్గు మందు ఒక సీసా, యాంటీబయాటిక్ ఒక సీసా తెచ్చి గొంతులో పోయుదురు. ఇవి ఒకదాని కొకటి విరుద్ధములుగ కనబడుచున్నను రెంటికిని మూలమొక్కటే. ఆపద యెప్పుడు ఆరంభమైనదో, ఎప్పుడు కాలేదో తెలిసికొను కొలత మన చేతిలో లేదు. అట్టి కొలత లోకమున లేకపోలేదు; దానికి ఖరీదైన యంత్రమును, పట్టమును అక్కరలేదు. దానిని ప్రతి యింటికి చేర్చుటయే నేటి కర్తవ్యమని మా మనవి.

మొదట పడిశము ఎట్లు వచ్చునో విచారింతము. తల్లి పెరుగు తిన్నందున, అరటిపండు తిన్నందున, తలంటుకొన్నందున బిడ్డకు చలువ చేసినదని మన యిండ్లలో వాడుక. ఇంగ్లండునందలి సాల్స్‌బరీ నగరము చెంత 1946లో పడిశమును గూర్చియే ఒక పరిశోధనాలయమును స్థాపించి, స్వచ్ఛందముగ వచ్చినవారిని తడిబట్టలతో చలిగాలిలో నిలువబెట్టి పరీక్షించిరి. ఆ పరీక్షలలో చలి యొక్కటే ఎవరికిని పడిశమును తెప్పింపలేకపోయినది. పడిశమునకు కారణము వైరసులు. వానిలో ప్రధానమైన రైనోవైరసును 1956లో శాస్త్రజ్ఞులు వేరుచేసిరి. నేడు దానిలో 160కి పైగా రకములు తెలియవచ్చినవి. ఒక రకమును జయించిన దేహమునకు రెండవ రకము క్రొత్తదియే. పడిశమునకు నేటివరకును టీకా లేకపోవుటకును, బిడ్డకు ఏటేట పలుమారులు పడిశము పట్టుటకును ఇదియే ముఖ్యకారణము.

ఈ వైరసులు పెద్దల చేతులనుండియు, తుమ్ములనుండియు, ముద్దులనుండియు బిడ్డకు సోకును గాని తల్లి తిన్న పెరుగునుండి సోకవు. ఈ సంగతి చిన్నది కాదు. బాలింతకు పత్యమను పేర కూరలు, పండ్లు, పెరుగు మాన్పించి, బిడ్డకు జలుబు చేసినపుడెల్ల నేరము ఆమె మీద మోపుట మన సంసారములలో బహుకాలముగ సాగుచున్నది. బిడ్డకు పాలిచ్చు తల్లిని పస్తుంచి, బిడ్డను రక్షించుచున్నామనుకొనుట ఎంతటి విపరీతము! ఆ దినముననే బారసాలకు వచ్చిన బంధువు లందరును, వారిలో ముక్కు కారుచున్నవారును, బిడ్డను చేతులు మార్చి ముద్దులాడి పోయిరి. వారినెవ్వరును ఏమనలేదు. జలుబుతో నున్నవాడు, వాడు మేనమామయైనను తాతయైనను, పసిబిడ్డ నెత్తుకొనరాదనియు, ఎత్తుకొనువారు సబ్బుతో చేతులు కడిగికొనవలెననియు చెప్పుట మర్యాదకు భంగము కాదు.

పడిశపు వైరసులలో శిశువులకు మిక్కిలి భయంకరమైనది రెస్పిరేటరీ సిన్సిషియల్ వైరసు. దీనిని క్లుప్తముగ ఆర్.ఎస్.వి. అందురు. 1956లో అమెరికాలో పరిశోధనకై ఉంచిన చింపాంజీలకు పడిశము పట్టగా ఇది మొదట బయటపడినది. మరుసటి సంవత్సరముననే రొమ్ము పట్టిన శిశువులయందును కనబడినది. రెండేండ్లు నిండులోపల ఇది సోకని బిడ్డ దాదాపు లేడు. పెక్కుమందికి ఇది వట్టి జలుబుగనే వచ్చి పోవును. కొందరికి మాత్రము ఊపిరితిత్తులలోని సన్నని గాలిగొట్టములలోనికి దిగి, బ్రాంకియోలైటిస్ అను వ్యాధిని కలిగించును. 2019లో ప్రపంచమున ఐదేండ్లలోపు బిడ్డలలో లక్షకు పైగా మరణములు దీనివలన కలిగినవని శాస్త్రజ్ఞుల అంచనా. అందు సగమునకు దగ్గరగా ఆరు నెలలు నిండని శిశువులవి. నూటికి 97కు పైగా బీద, మధ్యతరగతి దేశములలోనివి. వైరసు ధనికదేశములయందును ఇదియే. చావు మాత్రము బీదయింటనే ఎక్కువ. ఈ భేదము వైరసు చేసినది కాదు, మనుష్యులు చేసినది.

పెద్దలకు ఏమియు చేయని పడిశము శిశువు నేల ఇట్లు కుదించును? కారణము గొట్టపు సన్నదనమే. గొట్టము వ్యాసము సగమైనచో దానిలో గాలి పోవుటకు కలుగు ఆటంకము రెండింతలు గాదు, పదునారింతలగును. పెద్దవాని గాలిగొట్టములో ఆవగింజంత వాపు వచ్చిన వానికి తెలియనైన తెలియదు. శిశువు గొట్టములో అంత వాపే వచ్చిన దారి దాదాపు మూసికొనును. ఆ సందులో తెమడ చేరును, చచ్చిన కణములు చేరును. అప్పుడు బిడ్డ ఒక్కొక్క ఊపిరికిని కొండ యెక్కినంత శ్రమ పడును. త్వరత్వరగా ఊపిరి తీయును. డొక్కలు లోనికి పోవును. పాలు కుడుచుటకు ఊపిరి చాలక రొమ్ము వదలివేయును. తుదకు అలసి, ఏడ్పు మాని, నిదురవోవుచున్నట్లు పడియుండును. ఇంటివారు "అమ్మయ్య, నెమ్మదించినది" అనుకొందురు. నిజమునకు అది నెమ్మదించుట కాదు, ఓడిపోవుట.

ఇట్టి స్థితి అందరికిని రాదు. నూటికి ఎక్కువమంది బిడ్డలు తమంత తామే కోలుకొందురు. వారికి కావలసినది స్వల్పము: తల్లిపాలు తరచుగా కొంచెము కొంచెముగ నిచ్చుట, పాలకు ముందు ముక్కులో మందుల దుకాణమున దొరకు ఉప్పునీటి చుక్కలు వేసి తుడుచుట, బిడ్డను వెచ్చగ నుంచి, గదిని పొగ లేకుండ నుంచుట, కనిపెట్టియుండుట. ఇంత తేలిక వైద్యము మనకు తృప్తినీయదు. వైద్యుడు మందు వ్రాయకున్న వానికి విద్య రాదందుము. "చిన్న పామునైనను పెద్ద కఱ్ఱతో కొట్టవలెను" అనుట మనకు అలవాటు. పాము సంగతి యెట్లున్నను, ఆ కఱ్ఱ బిడ్డ వీపున పడరాదు గదా!

ఆ కఱ్ఱ పడుచునే యున్నది. 2025వ సంవత్సరమున మధ్యప్రదేశమునందలి ఛింద్వాడా ప్రాంతమున జలుబు, దగ్గు పట్టిన బిడ్డలకు తల్లిదండ్రులు ప్రేమతో దగ్గు మందు పోసిరి. ఇరువదిమందికి పైగా బిడ్డలు మూత్రపిండములు చెడి మరణించిరి. ఆ మందులో డైఎథిలీన్ గ్లైకాల్ అను విషము నూటికి 48 పాళ్లకు పైగా నున్నట్లు ప్రభుత్వ పరీక్షలలో తేలినది. ఇంజనులలో వాడు ద్రవములకు తగిన పదార్థము అది, పసిగొంతులకు తగినది కాదు. ఇది మొదటిసారియు కాదు. 1937లో అమెరికాలో ఇదే విషము నూరుమందికి పైగా ప్రాణములు గొన్నది. మరుసటి యేటనే ఆ దేశము క్రొత్త మందుల శాసనమును చేసికొన్నది. మన దేశమున 1972లో మద్రాసున, 1986లో బొంబాయిలో, 2020లో జమ్మూ ప్రాంతమున ఇదే విషపు కథ నడచినది. 2022లో గాంబియా దేశమున సుమారు 70 మంది బిడ్డలు ఇట్లే మరణింపగా, మన దేశమున తయారైన నాలుగు సిరపులలో ఇట్టి విషమున్నదని ప్రపంచ ఆరోగ్య సంస్థ ప్రకటించినది. అమెరికా ఒక్కమారు నేర్చుకొన్న పాఠమును మనము ఏబదియేండ్లకు పైగా వల్లించుచునే యున్నాము.

ఈ విషాదములో మరియొక విషాదము దాగియున్నది. ఆ మందులో విషము లేకున్నను అది బిడ్డలకు అక్కరలేనిదే. పసివారి పడిశమును, దగ్గును ఈ సిరపులు తగ్గింపవు. 2023 డిసెంబరులో మన ఔషధ నియంత్రణాధికారులు క్లోర్‌ఫెనిరమిన్, ఫినైలెఫ్రిన్ కలిసిన మందును నాలుగేండ్లలోపు బిడ్డలకు వాడరాదని ఆజ్ఞాపించిరి. 2025 అక్టోబరులో కేంద్ర ఆరోగ్యశాఖ రెండేండ్లలోపు బిడ్డలకు దగ్గు, జలుబు మందులు వ్రాయనేరాదనియు, ఐదేండ్లలోపు వారికి సాధారణముగ తగవనియు హెచ్చరించినది. ఈ ఆజ్ఞలు కాగితముల మీద నున్నవి. సీసాలు దుకాణముల అలమరలలో నున్నవి. అంగడి బల్లకు ఇవతలనున్న తండ్రికి ఆ ఆజ్ఞ తెలియదు. ఆవలనున్నవానికి తెలిసినను చెప్పడు. అడిగినవానికి అడిగినట్లు అమ్ముట వర్తకధర్మము కావచ్చును; ఔషధము వట్టి సరకు కాదు.

యాంటీబయాటిక్‌ల కథయు ఇట్టిదే. భీమవరమున జన్మించిన మన యల్లాప్రగడ సుబ్బారావుగారి ఆధిపత్యమున పరిశోధనలు జరిగిన లెడర్లీ సంస్థనుండి 1948లో ఆరియోమైసిను వెలువడినపుడు లోకము దానిని వరప్రసాదముగ నెంచినది. ఆ వరము బాక్టీరియాల మీద పనిచేయునదే గాని వైరసుల మీద పనిచేయదు. పడిశమునకు యాంటీబయాటిక్ వాడుట తాళము లేని తలుపునకు తాళపుచెవి వెదకినట్లు. పైగా అనవసరముగ వాడిన కొలది బాక్టీరియాలు మందునకు లొంగకుండ గట్టిపడును. నిజముగ న్యుమోనియా వచ్చిన దినమున ఆ మందు పనిచేయక మొగము చాటువేయును. నేడు నిర్లక్ష్యముగ పోసిన చెంచా, రేపు పొరుగింటి బిడ్డ ప్రాణమునకు ఎసరు పెట్టవచ్చును.

ఇంటి వైద్యమునందును విచక్షణ కావలెను. బిడ్డ ముక్కులో, నోటిలో నూనెచుక్కలు పోయుట, బలవంతముగ ఆముదము పట్టుట వలన నూనె ఊపిరితిత్తులలోనికి జారి వేరొక న్యుమోనియాను తెచ్చును. ఏడాది నిండని బిడ్డకు తేనె నాకించుట ప్రమాదకరము. దానిలోని ఒక సూక్ష్మజీవి శిశువులకు పక్షవాతము వంటి వ్యాధి నీయగలదు. ఇక వాతలు పెట్టు దారుణము ఇంకను పోలేదు. 2023లో మధ్యప్రదేశమునందలి షాడోల్ జిల్లాలో న్యుమోనియా సోకిన ఆడశిశువునకు కాల్చిన ఇనుపకడ్డీతో 51 వాతలు పెట్టగా ఆ శిశువు మరణించినది. వారిని క్రూరులని నిందించుట సులభము. ఆ యింటివారికి బిడ్డ శ్వాసయందు ఏదో చెడినదని తెలిసినది. ఎక్కడికి పోవలెనో తెలియలేదు. ఆ తెలియనితనమునకు వారితోపాటు మనమును ఉత్తరవాదులము.

మేము పైని చెప్పిన కొలత ఏది? బిడ్డ ఊపిరిని లెక్కించుట. బిడ్డ ఏడ్వక, పాలు త్రాగక, నెమ్మదిగ నున్నపుడు చొక్కా పైకెత్తి, గడియారము చూచుచు, ఒక నిండు నిమిషము పొట్ట ఎన్నిమారులు లేచి పడునో లెక్కింపవలెను. రెండు నెలలలోపు శిశువునకు 60గాని అంతకు మించిగాని, రెండు నెలలనుండి ఏడాదివరకు 50గాని అంతకు మించిగాని, ఏడాదినుండి ఐదేండ్లవరకు 40గాని అంతకు మించిగాని యున్న అది వట్టి పడిశము కాదు. వెంటనే వైద్యునికి చూపవలెను. ఊపిరి పీల్చునపుడు డొక్కలు లోనికి గుంటపడినను, మూల్గినను, పెదవులు నీలమెక్కినను, పాలు కుడువలేకున్నను, మూర్ఛ వచ్చినను, లేపిన లేవకున్నను లెక్కతో పనిలేదు; ఆ క్షణముననే ఆసుపత్రికి పోవలెను. రెండు నెలలు నిండని శిశువునకు జ్వరము వచ్చినను, ఒళ్లు చల్లబడినను జాగు చేయరాదు. అరువది, ఏబది, నలువది: ఈ మూడు సంఖ్యలు ప్రతి యింటను ఎక్కాలవలె నోటికి రావలెను.

ఇంత సులభమైన లెక్కకు ఇంత శక్తి యున్నదా యని సందేహించువారు గోదావరి, ప్రాణహిత నదుల ఆవలి యొడ్డున, మన తెలంగాణమునకు ఎదుటనున్న గడ్చిరోలి జిల్లాను చూడవలెను. అభయ్ బంగ్, రాణీ బంగ్ అను వైద్యదంపతులు 1988 ప్రాంతమున అచ్చటి పల్లెలలో గ్రామ కార్యకర్తలకును, మంత్రసానులకును న్యుమోనియాను గుర్తించుట, మందిచ్చుట నేర్పిరి. మంత్రసానులలో పెక్కురకు అంకెలు రావు. వారికై ఒక చిన్న పనిముట్టును కల్పించిరి. ఒక నిమిషము నడచు ఇసుక గడియారము, దాని ప్రక్క కొన్ని పూసలు. పది ఊపిరులకొక పూస జరుపవలెను. ఇసుక ముగియకమునుపే ఎఱ్ఱపూస జరిగిన అది న్యుమోనియా. ఆ పల్లెలలో బిడ్డల న్యుమోనియా మరణములు, ఈ యేర్పాటు లేని పల్లెలతో పోల్చగా, సగమునకు లోబడినవని 1990లో ప్రకటితమైనది. అక్షరములు రాని ముసలి మంత్రసాని పూసలు జరిపి ప్రాణములు నిలుపగా, పట్టములు పొందిన పట్టణవాసులము మనము గడియారములు చేతికి కట్టుకొని ఏమి చేయుచున్నాము?

వ్యాధి వచ్చిన పిమ్మట గుర్తించుట యొక యెత్తు. రాకుండ నాపుట మరియొక యెత్తు. మొదటి రక్షణ ముర్రుపాలు. వానియందు తల్లి దేహము సంపాదించిన రోగనిరోధక శక్తి బిడ్డకు సంక్రమించును. 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేను బట్టి మన దేశమున పుట్టిన గంటలోపల తల్లిపాలు పొందిన బిడ్డలు నూటికి 41.8 మంది మాత్రమే. ఆరు నెలలలోపు వట్టి తల్లిపాల మీద పెరుగుచున్నవారు 63.7 మంది. ప్రకృతి వెల లేకుండ నిచ్చిన మొదటి టీకాను సగము మందికి పైగా సకాలమున పొందుట లేదన్నమాట.

రెండవ రక్షణ పొగ లేని యిల్లు. 2016లో ఆరంభమైన ఉజ్జ్వల పథకము వలన కోట్ల యిండ్లకు గ్యాసు పొయ్యి వచ్చినది; సిలిండరు వెల భరింపలేక మరల కట్టెలకు మరలిన యిండ్లును కలవు. పొయ్యి పొగకు తోడు తాతగారి చుట్టపొగ, తండ్రి సిగరెట్టు పొగ, శ్రీకాకుళపు తీరమున కొందరు స్త్రీలు త్రాగు అడ్డపొగ. వీని నడుమ బిడ్డకు నీళ్లు పోసిన పిమ్మట సాంబ్రాణి ధూపము. వెంట్రుకలార్చుటకును, పరిమళమునకును పెద్దలు వాత్సల్యముతో పట్టునదే యైనను, సన్నని గాలిగొట్టములకు పొగ పొగయే. ఆచారమును అవమానింపుమని మేము చెప్పము. ధూపము దేవుని యెదుట వేయుడు; బిడ్డ తల మెత్తని గుడ్డతో తుడువుడు.

మూడవ రక్షణ టీకాలు. హిమోఫిలస్ బాక్టీరియాను అరికట్టు భాగము గల పెంటావాలెంట్ టీకా మన దేశమున 2011లో మొదలై క్రమముగ అంతటను వ్యాపించినది. న్యుమోకోకల్ టీకా 2017లో కొన్ని రాష్ట్రములలో మొదలై, 2021లో దేశమంతటికి విస్తరించినది. ఆరవ వారమున, పదునాల్గవ వారమున, తొమ్మిదవ నెలను ఉచితముగ నిత్తురు. పుణె నగరపు సీరం సంస్థ ఈ టీకాను స్వదేశముననే తయారుచేసి 2020 డిసెంబరులో వెలువరించుట మనకు గర్వకారణము. ఆర్.ఎస్.వి.కి టీకా కనుగొనుట మాత్రము బహుకాలము సాధ్యపడలేదు. 1960వ దశకమున పరీక్షించిన మొదటి టీకా రక్షింపకపోగా, తరువాత వైరసు సోకినపుడు వ్యాధిని మరింత ఉగ్రము చేసినది. ఇద్దరు శిశువులు మరణించిరి. శాస్త్రజ్ఞులు వెనుకంజ వేయక ఆ వైరసు మీది మాంసకృత్తు రూపమును 2013లో నిర్ణయించిరి. తుదకు గర్భిణికిచ్చి కడుపులోని బిడ్డను కాపాడు టీకాను, శిశువునకే ఇచ్చు ప్రతిరక్షక సూదిమందును 2023లో అమెరికా అంగీకరించినది. 2025లో ప్రపంచ ఆరోగ్య సంస్థ ఈ రెంటిలో ఏదో యొకటి అన్ని దేశములును ప్రవేశపెట్టవలెనని సలహా యిచ్చినది. చావులు ఎక్కడ ఎక్కువో అక్కడికి మందు కడపట చేరుట లోకమర్యాద. న్యుమోకోకల్ టీకా విషయమున స్వదేశ పరిశ్రమ ఆ మర్యాదను మార్చినట్లే దీనియందును మార్చుటకు మన ప్రభుత్వము ఇప్పుడే పూనవలెను.

కడపటి రక్షణ ప్రాణవాయువు. బ్రాంకియోలైటిస్‌కు దానిని మించిన మందు లేదు. నెత్తురులో ప్రాణవాయువు ఎంత యున్నదో వ్రేలికి తగిలించి చెప్పు ఆక్సీమీటరును జపానుదేశీయుడు తకువో అవొయాగి 1970వ దశకమున కల్పించెను. 2021లో కరోనా వేళ ప్రాణవాయువునకై మన నగరములు అల్లాడినపుడు దాని విలువ ఎల్లరకును తెలిసినది. యంత్రములు వచ్చినవి, ఉత్పత్తి కేంద్రములు నెలకొల్పబడినవి. నేడవి నడచుచున్నవా, తుప్పు పట్టుచున్నవా? శిశువు వ్రేలికి, పాదమునకు సరిపోవు చిన్న ఆక్సీమీటరు మీ ప్రాథమిక ఆరోగ్య కేంద్రమున నున్నదా? శిశువు ముక్కునకు సరిపోవు సన్నని గొట్టమున్నదా? దానిని పెట్టుట తెలిసిన నర్సు రాత్రివేళ నుండునా? 2019 నవంబరులో కేంద్రప్రభుత్వము సాఁస్ అను పేర న్యుమోనియా నివారణోద్యమమును ఆరంభించినది. ఆ మాటకు అర్థము ఊపిరి. 2025 నాటికి వెయ్యి జననములకు న్యుమోనియా మరణములు మూడింటికి లోబరచవలెనని దాని సంకల్పము. సంకల్పపు గడువు వచ్చినది. లెక్క చెప్పుడని శాసనసభ్యులను, పురపాలక సభ్యులను అడుగు హక్కు మనకున్నది. ఇల్లిల్లు తిరుగు ఆశా కార్యకర్తకు గడియారము, మందు, సకాలమున వేతనము అందుచున్నవా యనియు అడుగవలెను. మందుల తనిఖీదారులు చాలినంతమంది లేక, ప్రతి సిరపును బిడ్డ గొంతుననే పరీక్షించు దుస్థితి యిక నుండరాదనియు పట్టుపట్టవలెను.

పఠనమందిరములలో ఈ పంక్తులను చదువు పురుషులకు ఒక మాట. బిడ్డ పెంపకము ఆడవారి పనియని మీరు ప్రక్కకు తొలగవచ్చును. కాని దుకాణమునకు పోయి సీసా తెచ్చువారు మీరు. ఆసుపత్రికి ఇప్పుడు పోవలెనా, తెల్లవారనిత్తమా యని నిర్ణయించువారు మీరు. బండికి డబ్బు తీయువారు మీరు. న్యుమోనియా రాత్రి గడియలు లెక్కింపదు. "తెల్లవారనీ" అను ఆ యొక్క మాట ఎందరు బిడ్డలకు తెల్లవారనీయలేదో! తల్లి "బిడ్డ ఊపిరి వేరుగా నున్నది" అన్నపుడు ఆమె మాటను త్రోసివేయక, గడియారము చేతబట్టి ఆమె ప్రక్కన కూర్చుండి లెక్కించుట తండ్రికి లాఘవము గాదు.

మన దేశమున ఏటేట రెండు కోట్లకు పైగా బిడ్డలు పుట్టుచున్నారు. వారందరికి మహావైద్యులను మనము రేపే సమకూర్పలేము. ఒక నిమిషమును మాత్రము ఈ దినముననే సమకూర్పగలము. గ్రంథాలయముల గోడల మీద, అంగన్‌వాడీల తలుపుల మీద, మందుల దుకాణముల బల్లల మీద ఆ మూడు సంఖ్యలు పెద్ద అక్షరములతో వ్రాయింపుడు. పాఠశాలలలో ఆడపిల్లలతోపాటు మగపిల్లలకును నేర్పుడు. చదువరులు చదువు రాని పొరుగువారికి చదివి వినిపింపుడు. జాతి బలమును సైన్యములతో, సొమ్ముతో కొలుచువారు కొలుతురు గాక. ఊయలలోని శిశువు ఒక నిమిషమున ఎన్నిమారులు ఊపిరి తీయుచున్నదో పట్టించుకొను జనమే నిజముగ బ్రతుకనేర్చిన జనము.